టీబీ వార్డులో పుట్టిన కామెడీ

1948. లండన్‌కి కాస్త దూరంలో, సర్రే ప్రాంతంలో మిల్‌ఫర్డ్ అనే చోట ఒక టీబీ శానటోరియం. వార్డు నిండా వరసగా మంచాలు. బయట ఎముకలు కొరికే చలి పెడుతున్నా కిటికీలు మాత్రం తెరిచే ఉంటాయి. ఎందుకంటే అప్పట్లో టీబీకి ప్రధాన వైద్యం అదే. చల్లటి స్వచ్ఛమైన గాలి పీల్చడం, తినడం, మంచం మీద కదలకుండా పడుకోవడం. ఎన్నాళ్ళు? నెలలా, ఏళ్ళా? డాక్టర్లు కూడా కచ్చితంగా చెప్పలేరు.

ఆ మంచాల్లో రెండింటి మీద ఇద్దరు కుర్రాళ్ళు. ఒకడి పేరు రే గాల్టన్, ఇంకొకడి పేరు ఆలన్ సింప్సన్. ఇద్దరూ ఆరడుగుల పైన ఉన్న ఆజానుబాహులు. ఇద్దరికీ ఇరవై ఏళ్ళు నిండలేదు. ఇంటర్ అయిపోయి, ఇంజినీరింగ్‌లో చేరే వయసు అనుకోండి. వాళ్ళు మాత్రం చావు తమ మంచం దాకా వస్తుందో రాదో అని పైకప్పు చూస్తూ పడుకున్నారు. సింప్సన్ పరిస్థితి అంతకుముందే ఒకసారి ఎంత విషమించిందంటే, ఇక బతకడనుకుని ఫాదర్‌ని పిలిపించి చివరి ప్రార్థనలు కూడా చేయించేశారు.

ఆ ఇద్దరూ చావలేదు. పైగా, ఆ తర్వాత పాతికేళ్ళు ఒక దేశాన్నంతా పగలబడి నవ్వించారు. ఇవాళ మనం ఫోన్‌లో చూసే సిట్‌కామ్ ఉంది చూశారూ, ఒకే ఇల్లు, అవే నాలుగు పాత్రలు, అరగంట కథ... బ్రిటన్‌లో దానికి ఒక రూపం ఇచ్చింది వీళ్ళే. ఎలాగో తెలుసుకోవాలంటే మళ్ళీ ఆ వార్డులోకే వెళ్ళాలి.

బీరువా గదిలో రేడియో స్టేషన్

అప్పుడు టీబీ అంటే ఎంత భయమో ఒక్క ఉదాహరణ చాలు. 'యానిమల్ ఫామ్' రాసిన జార్జ్ ఆర్వెల్ కూడా సరిగ్గా ఆ రోజుల్లోనే టీబీతో పోరాడుతున్నాడు. స్ట్రెప్టోమైసిన్ అనే కొత్త మందు అప్పుడప్పుడే వచ్చింది. బ్రిటన్‌లో దొరకడం కష్టం కాబట్టి ఆయన అమెరికా నుంచి తెప్పించుకున్నాడు. అది ఆయన ఒంటికి పడలేదు. 1950 జనవరిలో చనిపోయాడు. అంత పేరున్న రచయితకే దిక్కు లేదు. ఇక ఈ కుర్రాళ్ళ సంగతి చెప్పేదేముంది? గాల్టన్ లండన్‌లోని పాడింగ్టన్‌లో పుట్టాడు, సింప్సన్ బ్రిక్స్‌టన్‌లో. ఇద్దరివీ మామూలు కుటుంబాలే. జబ్బు పడకముందు సింప్సన్ ఓడల సరుకు రవాణా కంపెనీలో గుమస్తా.

(ఈ మాట చదువుతూ 'అదంతా పాత కాలం' అనుకోకండి. ప్రపంచంలో ఇప్పటికీ టీబీ కేసులు అందరికంటే ఎక్కువ ఉన్నది మన దేశంలోనే. తేడా ఏంటంటే, ఇప్పుడు మందులున్నాయి. కోర్సు మధ్యలో ఆపకుండా వాడితే చాలావరకు నయమైపోతుంది.)

పడుకుని ఏం చేస్తారు? రేడియో వింటారు. వార్డులో హెడ్‌ఫోన్లు ఉండేవి. బీబీసీతో పాటు, యూరప్‌లో ఉన్న అమెరికన్ సైనికుల కోసం నడిచే రేడియో కూడా వినిపించేది. అందులో జాక్ బెన్నీ లాంటి అమెరికన్ కమెడియన్లు. గాల్టన్‌కీ సింప్సన్‌కీ స్నేహం కుదిరింది అక్కడే. ఏది చూసి ఒకడికి నవ్వొస్తుందో, రెండోవాడికీ సరిగ్గా అదే చూసి నవ్వొచ్చేది.

శానటోరియంలో పేషెంట్లు సొంతంగా ఒక చిన్న రేడియో నడుపుకునేవారు. స్టూడియో ఎక్కడనుకున్నారు? దుప్పట్లు, పక్కబట్టలు పెట్టుకునే బీరువా గదిలో! దాని కోసం ఈ ఇద్దరూ కామెడీ రాయడం మొదలుపెట్టారు. వినేవాళ్ళు ఎవరు? పక్క మంచాల వాళ్ళు. దగ్గు వస్తే ఊపిరాడని వాళ్ళు. రేపు ఉంటారో ఉండరో తెలియని వాళ్ళు. వాళ్ళని నవ్వించాలి. ఇంతకంటే కష్టమైన ఆడియన్స్ ఎక్కడైనా ఉంటారా?

'టీ కాచి ఇచ్చే పనైనా ఇప్పించండి'

అప్పట్లో బీబీసీ రేడియోలో ఫ్రాంక్ మ్యూర్, డెనిస్ నార్డెన్ అనే రచయితల జంటకి పెద్ద పేరు. మన కుర్రాళ్ళు వాళ్ళకి ఉత్తరం రాశారు. కామెడీ రాయడం నేర్చుకోవాలనుంది, మీ దగ్గర టీ కాచి ఇచ్చే పనైనా సరే చేస్తాం అనే అర్థంలో. ఆ పెద్దలు నవ్వి ఊరుకోలేదు. ఏదైనా రాసి బీబీసీ స్క్రిప్టుల విభాగానికి పంపండి అని దారి చూపించారు. వీళ్ళు ఓ సముద్రపు దొంగల కథ మీద స్కెచ్ రాసి పంపితే అక్కడివాళ్ళకి నచ్చింది, కబురు వచ్చింది.

1951లో డెరెక్ రాయ్ అనే కమెడియన్ ప్రోగ్రాం 'హ్యాపీ గో లక్కీ'కి జోకులు అమ్మడంతో వీళ్ళ ప్రొఫెషనల్ కెరీర్ మొదలైంది. ప్రోగ్రాం గొప్పగా ఆడలేదు. కానీ అందులో చిన్న వేషం వేస్తున్న ఒక నటుడు వీళ్ళ లైన్లు విని, రాసింది ఎవరని ఆరా తీశాడు. ముఖం వేలాడేసుకుని, లోకం మొత్తం తనని మోసం చేసిందన్నట్టు కనిపించే మనిషి. పేరు టోనీ హాంకాక్.

పాటల్లేవు, ఫైట్లు లేవు, వాన మాత్రం ఉంది

అప్పటిదాకా రేడియోలో కామెడీ ప్రోగ్రాం అంటే ఒక లెక్క ఉండేది. కాసేపు జోకులు, ఒక పాట, ఒక స్కెచ్, మళ్ళీ ఒక పాట. ప్రతి పాత్రకీ ఒక ఊతపదం. అది అనగానే జనం చప్పట్లు. మన జాతరలో రికార్డింగ్ డ్యాన్సు మధ్యలో కామెడీ బిట్లు వేస్తారు చూడండి, కొంచెం అలాంటిదే.

గాల్టన్, సింప్సన్ ఆ లెక్క పక్కన పెట్టేశారు. పాటలు తీసేద్దాం, అరగంట మొత్తం ఒకే కథ నడిపిద్దాం, నవ్వు మనిషి స్వభావంలోంచి రావాలి అన్నారు. 1954 నవంబర్ 2న 'హాంకాక్స్ హాఫ్ అవర్' మొదలైంది. రేడియోలో వందకు పైగా ఎపిసోడ్లు నడిచింది. 1956 నుంచి టీవీలోకి కూడా వచ్చింది. హాంకాక్ ఉండేది ఈస్ట్ చీమ్ అనే కల్పిత పేటలో, రైలు పట్టాల పక్కన 23వ నంబరు ఇంట్లో. గొప్పలకు పోతాడు, గొప్పవాడు కాదు. పెద్ద పెద్ద మాటలు వాడతాడు, వాటి అర్థం తెలియదు. అందరూ తనని గుర్తించాలనుకుంటాడు, ఎవరూ పట్టించుకోరు. ఇలాంటివాడు మన కాలనీలో ఒకడు, ఆఫీసులో ఒకడు, మన వాట్సాప్ గ్రూపులో ఇద్దరు కచ్చితంగా ఉంటారు కదా!

1958లో వచ్చిన ఒక రేడియో ఎపిసోడ్ గురించి చెప్పాలి. దాని పేరు 'సండే ఆఫ్టర్‌నూన్ ఎట్ హోమ్'. కథ ఏంటంటే... ఏమీ లేదు. నిజంగానే ఏమీ లేదు! ఆదివారం మధ్యాహ్నం. బయట వాన. అప్పటి ఇంగ్లండ్‌లో ఆదివారం షాపులు కూడా తెరవరు. ఇంట్లో హాంకాక్, అతని స్నేహితులు. ఏం చేయాలో ఎవరికీ తోచదు. నిట్టూరుస్తారు. గడియారం చూస్తారు. గోడ మీది వాల్‌పేపర్ డిజైన్‌లో మనిషి ముఖం కనిపిస్తోందని వెతుకుతారు. రేడియోలో నిశ్శబ్దం అంటే అప్పట్లో ప్రమాదం. మెషీన్ చెడిపోయిందేమో అనుకుంటారు జనం. వీళ్ళు ఆ నిశ్శబ్దంతోనే నవ్వించారు.

బోర్‌తో కామెడీ చేయొచ్చని వీళ్ళకి ఎవరు నేర్పారు? ఏళ్ళ తరబడి మంచం మీద పడుకుని పైకప్పు చూసిన వాళ్ళకి ఇంకొకరు నేర్పాలా!

1961లో టీవీకి రాసిన చివరి సిరీస్‌లో ఇంకో అడుగు ముందుకేశారు. 'ది బెడ్‌సిట్టర్' అనే ఎపిసోడ్‌లో ఒకే గది, ఒకే నటుడు. హాంకాక్ ఒంటరిగా మంచం మీద పడుకుంటాడు, లేస్తాడు, బెర్ట్రాండ్ రస్సెల్ పుస్తకం తీసి ప్రతి మాటకీ డిక్షనరీ తిరగేస్తాడు. ఇంతలో రాంగ్ నంబర్‌లో ఒక అమ్మాయి ఫోన్. పార్టీకి రమ్మంటుంది. ఎగిరి గంతేస్తాడు. తర్వాత ఆ పార్టీ కాస్తా తుస్సుమంటుంది. మళ్ళీ అదే గది.

అదే సిరీస్‌లోది 'ది బ్లడ్ డోనర్'. వేలి మీద చిన్న సూదిపోటు తినేసి, రక్తదానం అయిపోయిందనుకుని హీరోలా బయల్దేరబోతాడు హాంకాక్. అది టెస్టు మాత్రమే, అసలుది ఇంకా ఉందని తెలిశాక వణికిపోతాడు. చివరికి ఇంట్లో రొట్టె కోసే కత్తి తగిలి అదే ఆసుపత్రికి వస్తాడు. అతనిది అరుదైన గ్రూపు. ఇచ్చిన రక్తం మళ్ళీ అతనికే ఎక్కిస్తారు! ఈ షూటింగ్‌కి కొద్ది రోజుల ముందే హాంకాక్‌కి కారు యాక్సిడెంట్ అయింది. డైలాగులు గుర్తుపెట్టుకోలేక టెలీప్రాంప్టర్ చూసి చదివాడు. అయినా బ్రిటన్ టీవీ కామెడీలో ఇప్పటికీ అందరూ తలుచుకునే ఎపిసోడ్ అదే.

ఒక లైన్, రెండు 'ఊఁ'లు

వీళ్ళు ఎలా రాసేవాళ్ళో వింటే మీకు ఆశ్చర్యం వేస్తుంది. టైప్‌రైటర్ దగ్గర సింప్సన్. గదిలో గాల్టన్. ఒకరు ఒక లైన్ చెబుతారు. రెండోవాడికి నచ్చితే టైపు చేస్తారు. నచ్చకపోతే వాదన లేదు, పంతాలు లేవు. ఆ లైన్ పోయినట్టే, ఇంకోటి వెతకాలి. ఇద్దరూ ఒప్పుకుంటే తప్ప కాగితం మీద అక్షరం పడదు. ఏమీ తోచకపోతే గంటల కొద్దీ మౌనంగా కూర్చునేవాళ్ళు. అందుకే వాళ్ళ స్క్రిప్టు చదివి ఇది గాల్టన్ రాసిన లైన్, ఇది సింప్సన్ రాసిన లైన్ అని విడదీయడం కుదరదు.

ఆఫీసు సంగతి ఇంకా సరదాగా ఉంటుంది. లండన్‌లోని షెపర్డ్స్ బుష్‌లో, ఒక కూరగాయల షాపు పైన. స్పైక్ మిల్లిగన్, ఎరిక్ సైక్స్ అనే మరో ఇద్దరు కామెడీ రచయితలతో కలిసి 'అసోసియేటెడ్ లండన్ స్క్రిప్ట్స్' అని పెట్టుకున్నారు. రచయితలే కలిసి నడుపుకున్న కంపెనీ. టైపింగ్ చేయడానికి సింప్సన్ తనతో చదువుకున్న బెరిల్ వర్ట్యూ అనే అమ్మాయిని పిలిచాడు. ఆవిడ టైపిస్టుగా చేరి, ఏజెంటుగా ఎదిగి, తర్వాత సొంతంగా నిర్మాత అయ్యారు. బెనెడిక్ట్ కంబర్‌బ్యాచ్ 'షెర్లాక్' చూశారా? అది తీసిన హార్ట్స్‌వుడ్ ఫిల్మ్స్ బెరిల్ పెట్టిన కంపెనీయే. ఆ కూరగాయల షాపు మెట్ల నుంచి 'షెర్లాక్' దాకా వెళ్ళిందన్నమాట దారి.

హీరో వెళ్ళిపోయాడు

1961లో హాంకాక్ మీద గాల్టన్, సింప్సన్ 'ది రెబెల్' అనే సినిమా రాశారు. ఆఫీసు ఉద్యోగంతో విసిగిపోయిన గుమస్తా, తాను గొప్ప చిత్రకారుడినని నమ్మి పారిస్ పారిపోయే కథ. బ్రిటన్‌లో బాగానే ఆడింది. హాంకాక్‌కి మాత్రం అది చాలలేదు. తనకి ప్రపంచ స్థాయి స్టార్ అవ్వాలనుంది. ఈస్ట్ చీమ్ మనిషిగా మిగిలిపోవడం ఇష్టం లేదు. తర్వాతి సినిమా కోసం వీళ్ళు రాసిచ్చిన స్క్రిప్టులు కాదన్నాడు. ఆ ఏడాది చివర్లో రచయితలతోనూ, ఏజెంటు బెరిల్‌తోనూ తెగతెంపులు చేసుకున్నాడు.

ఆ తర్వాత హాంకాక్ కెరీర్ కోలుకోలేదు. మద్యం, ఒంటరితనం. 1968 జూన్‌లో ఆస్ట్రేలియాలోని సిడ్నీలో ఒక సిరీస్ షూటింగ్ మధ్యలో ఆత్మహత్య చేసుకున్నాడు. వయసు 44. లోకం పట్టించుకోని మనిషి పాత్రని అంత బాగా వేసినవాడు, బయట కూడా ఆ పాత్రలోంచి తప్పించుకోలేకపోయాడు.

ఇటు రచయితల పరిస్థితి? అప్పటిదాకా ఒకే హీరోకి రాసినవాళ్ళకి హీరో లేడు. 'వీళ్ళ పని అయిపోయింది' అనుకునే సమయం. అప్పుడే బీబీసీలో టామ్ స్లోన్ అనే అధికారి ఒక అవకాశం ఇచ్చాడు. పది అరగంట నాటికలు రాయండి, కథలు మీ ఇష్టం, నటులు మీ ఇష్టం. ప్రోగ్రాం పేరు 'కామెడీ ప్లేహౌస్'. రచయితల పేరు మీద ఒక షో నడవడం అప్పట్లో పెద్ద విషయం.

కదలని బండి

ఆ వరసలో నాలుగోది 1962 జనవరి 5న ప్రసారమైంది. పేరు 'ది ఆఫర్'.

లండన్ వీధుల్లో గుర్రపు బండి వేసుకుని పాత సామాన్లు ఏరుకునే తండ్రీకొడుకులు. మన వీధుల్లో 'పాత ఇనుప సామాన్లు, పేపర్లు కొంటాం' అని అరుచుకుంటూ వెళ్తారే, ఆ వృత్తే. తండ్రి ఆల్బర్ట్ ముసలి గడుగ్గాయి. మురికి, పిసినారితనం, కొంటెతనం, అన్నీ ఉన్నాయి. కొడుకు హారాల్డ్‌కి నలభైకి దగ్గరపడుతున్నాయి. పుస్తకాలు, మంచి సంగీతం, నాగరికమైన జీవితం కావాలని కలలు. ఒక రోజు అతనికి వేరే ఆఫర్ వచ్చింది. ఇక నేను పోతున్నా అని సామాన్లన్నీ బండి మీదకి ఎక్కించాడు. గుర్రం లేదు. తనే లాగాలి. లాగాడు. బండి కదల్లేదు. ఇంకా గట్టిగా లాగాడు. కదల్లేదు. అక్కడే తల వాల్చి ఏడ్చేశాడు. అప్పటిదాకా కొడుకుని ఆడిపోసుకున్న తండ్రి మెల్లగా వచ్చి, సరేలే, రేపు వెళ్దువుగాని, ఇప్పుడు లోపలికి రా అన్నట్టు ఇంట్లోకి తీసుకెళ్ళాడు.

ఇది కామెడీ ప్రోగ్రాం. నవ్వడానికి కూర్చున్న జనం. కొడుకు వేషం వేసిన హ్యారీ హెచ్. కార్బెట్ రిహార్సల్‌లో నిజంగానే కన్నీళ్ళు పెట్టుకున్నాడు. అది చూసి రచయితలే నిర్ఘాంతపోయారు. కమెడియన్ అయితే ఆ చోట ఒక జోకు వేసి గట్టెక్కుతాడు. వీళ్ళు పెట్టుకున్నది సీరియస్ నాటకాల నటులని. తండ్రి వేషం వేసిన విల్‌ఫ్రిడ్ బ్రాంబెల్ కూడా అంతే. (తమాషా ఏంటంటే ఆ 'తండ్రీకొడుకుల' మధ్య వయసు తేడా 13 ఏళ్ళే! బీటిల్స్ నటించిన 'ఎ హార్డ్ డేస్ నైట్' సినిమాలో పాల్ మెకార్ట్‌నీ తాతగా కనిపించేది కూడా ఈ బ్రాంబెలే.)

టామ్ స్లోన్ దీన్ని సిరీస్ చేద్దామన్నాడు. రచయితలు మొదట ఒప్పుకోలేదు. మళ్ళీ ఇంకో సిరీస్‌లో ఇరుక్కోవడం వాళ్ళకి ఇష్టం లేదు. నటులు ఒప్పుకుంటే చూద్దామన్నారు, ఎలాగూ ఒప్పుకోరని. నటులు ఒప్పేసుకున్నారు! అలా 1962 జూన్‌లో 'స్టెప్టో అండ్ సన్' మొదలైంది. 1965 దాకా నాలుగు సిరీస్‌లు, మళ్ళీ 1970 నుంచి 1974 దాకా నాలుగు.

ఎన్నికల రోజు టైమ్ మారింది

బ్రిటన్ జనాభా అప్పుడు ఐదు కోట్ల పైచిలుకు. 'స్టెప్టో' బాగా నడిచిన రోజుల్లో ఒక్కో ఎపిసోడ్‌ని రెండు కోట్ల మందికి పైగా చూసేవాళ్ళు.

1964 అక్టోబర్ 15న బ్రిటన్‌లో సాధారణ ఎన్నికలు. పోలింగ్ రాత్రి 9 దాకా. ఆ సాయంత్రం బీబీసీలో 'స్టెప్టో' ఎపిసోడ్ ఉంది. లేబర్ పార్టీ నాయకుడు హారాల్డ్ విల్సన్‌కి గుబులు పట్టుకుంది. తమకి ఓటేసే కార్మికులు పని నుంచి వచ్చి, టీవీ ముందు కూర్చుండిపోతే? విల్సన్ బీబీసీ అధిపతి హ్యూ గ్రీన్‌తో మాట్లాడాడు. బీబీసీ ప్రోగ్రాంని 9 గంటలకి జరిపింది. లేబర్ పార్టీ గెలిచింది. మెజారిటీ ఎంతో తెలుసా? నాలుగంటే నాలుగు సీట్లు! ఆ టైమ్ మార్పు వల్లే గెలిచారని ఎవరూ రుజువు చేయలేరు. కానీ కాబోయే ప్రధాని ఒక కామెడీ షోని చూసి భయపడ్డాడంటే, దాని రేంజ్ ఏంటో అర్థమవుతుంది.

ఎందుకంత ఆదరణ? ఆ ఇంట్లో గొడవ అందరిదీ కాబట్టి. నాన్నని వదిలి వెళ్ళాలి, వెళ్ళలేడు. ఉండాలంటే ఊపిరాడదు. యుద్ధం తర్వాత బ్రిటన్‌లో చాలామంది కుర్రాళ్ళ పరిస్థితి అదే. చదువుకోవాలి, ఎదగాలి, పాత పేట నుంచి బయటపడాలి. 1972లో వచ్చిన ఒక ఎపిసోడ్‌లో హారాల్డ్ విసిగిపోయి ఇంటి మధ్యలో అడ్డుగోడ కట్టేస్తాడు. టీవీ కూడా సగం సగం! అదే ఏడాది ఇంకో ఎపిసోడ్‌లో జైలు నుంచి పారిపోయిన ఇద్దరు ఖైదీలు ఈ ఇంట్లో దాక్కుంటారు. చూస్తే ఇంట్లో తిండి లేదు, డబ్బు లేదు. ఈ తండ్రీకొడుకుల బతుకు కంటే జైలే నయంలా ఉందే అని ఖైదీలే జాలిపడతారు.

అమెరికా వాళ్ళు ఈ కథ కొనుక్కున్నారు. 1972లో 'శాన్‌ఫర్డ్ అండ్ సన్'గా లాస్ ఏంజెలెస్‌లోని నల్లజాతి తండ్రీకొడుకులతో తీస్తే అక్కడా సూపర్‌హిట్టే. స్వీడన్, నెదర్లాండ్స్ వాళ్ళూ సొంత వెర్షన్లు తీసుకున్నారు. ఆ అమ్మకాల వెనక ఉన్నది, గుర్తుందిగా, ఒకప్పటి టైపిస్టు బెరిల్.

నవ్వుల వెనక ఇంకో చేదు నిజం కూడా ఉంది. కార్బెట్ ఒకప్పుడు రంగస్థలం మీద గొప్ప నటుడవుతాడని అందరూ అనుకున్నవాడు. 'స్టెప్టో' తర్వాత అతన్ని జనం హారాల్డ్‌గా తప్ప ఇంకోలా చూడలేకపోయారు. 1982లో చనిపోయేదాకా ఆ బండి అతని వెనకే వచ్చింది.

టేపులు దాచుకున్నదెవరు?

ఆ రోజుల్లో వీడియో టేపు ఖరీదు. బీబీసీ ఒకసారి ప్రసారం చేశాక చాలా ప్రోగ్రాంలని చెరిపేసి, అదే టేపు మీద కొత్తవి రికార్డు చేసేది. 'హాంకాక్' ఎపిసోడ్లు చాలా అలాగే పోయాయి. 1970లో రంగుల్లో తీసిన 'స్టెప్టో' ఎపిసోడ్లు కూడా చెరిగిపోయాయి. అయినా ఇవాళ మనం వాటిని బ్లాక్ అండ్ వైట్‌లో చూడగలుగుతున్నాం. ఎలా? గాల్టన్, సింప్సన్ తమ కోసం తీయించి దాచుకున్న కాపీల వల్ల. తమ పనికి విలువ ఉందని సంస్థ కంటే ముందు రచయితలే గుర్తించారు.

ఒకరు ఆపేశారు, ఒకరు ఆపలేదు

టీవీతో పాటు సినిమాలకీ రాశారు. జో ఆర్టన్ రాసిన ప్రసిద్ధ నాటకం 'లూట్' 1970లో సినిమాగా వస్తే, స్క్రీన్‌ప్లే వీళ్ళదే. 1972, 1973లో 'స్టెప్టో' మీద రెండు సినిమాలు వచ్చాయి.

1978లో సింప్సన్ భార్య చనిపోయింది. అదే ఏడాది ఆయన రాయడం ఆపేశాడు. స్నేహం మాత్రం ఆపలేదు. గాల్టన్ వేరే రచయితలతో కలిసి కొనసాగించాడు. 1997లో జాన్ ఆంట్రోబస్‌తో కలిసి 'గెట్ వెల్ సూన్' అనే సిట్‌కామ్ రాశాడు. కథ ఎక్కడ జరుగుతుందో ఊహించండి. 1940ల నాటి ఒక టీబీ శానటోరియంలో. యాభై ఏళ్ళ తర్వాత కూడా ఆయన ఆ వార్డుకే తిరిగి వెళ్ళాడు.

ఆ తర్వాత ఆంట్రోబస్‌తోనే ఒక రంగస్థల నాటకం, 'మర్డర్ ఎట్ ఆయిల్ డ్రమ్ లేన్'. 2005లో యార్క్‌లో వేశారు, 2006లో లండన్‌కి వచ్చింది. అప్పటికి కార్బెట్, బ్రాంబెల్ ఇద్దరూ చనిపోయి ఇరవై ఏళ్ళు దాటింది. కాబట్టి కొత్త నటులు. అందులో హారాల్డ్ ఎట్టకేలకు ఇంటి నుంచి పారిపోయాడు. ఎన్నో ఏళ్ళ తర్వాత, ముసలివాడై, ఆ పాత ఇంటికే తిరిగి వస్తాడు. ఇల్లు ఇప్పుడు టూరిస్టులు చూసే వారసత్వ భవనం. లోపల ఎదురుచూస్తున్నదెవరు? నాన్న దెయ్యం. గొడవ మళ్ళీ మొదలు!

2000లో ఇద్దరికీ ఓబీఈ పురస్కారం వచ్చింది. 2016లో బాఫ్టా సంస్థ తన అత్యున్నత గౌరవమైన ఫెలోషిప్ ఇద్దరికీ కలిపి ఇచ్చింది. 2017 ఫిబ్రవరి 8న సింప్సన్ చనిపోయారు, వయసు 87. 2018 అక్టోబర్ 5న గాల్టన్ వెళ్ళిపోయారు, వయసు 88. ఇరవై ఏళ్ళు దాటుతారో లేదో అనుకున్న కుర్రాళ్ళు!

వీళ్ళ కథలన్నీ ఒకచోట పెట్టి చూడండి. వానాకాలపు ఆదివారం ఇంట్లో చిక్కుకున్న మనిషి. అద్దె గదిలో ఒంటరి మనిషి. నాన్నని వదిలి పోలేని కొడుకు. అందరూ ఒకచోట ఇరుక్కుపోయినవాళ్ళే. బయటికి వెళ్ళాలని ఉంటుంది, వెళ్ళలేరు. పక్కన ఉన్న మనిషితో పోట్లాడుతూ, ఆ మనిషి వల్లే బతుకుతుంటారు. ఇది పుస్తకాల్లో నేర్చుకున్న ఫార్ములా కాదు. మిల్‌ఫర్డ్ వార్డులో, తెరిచిన కిటికీల కింద, పక్క మంచం వాడి నవ్వు విని రేపటి దాకా ఓపిక పట్టిన ఇద్దరు కుర్రాళ్ళకి బాగా తెలిసిన సంగతి.

ఈ ఆదివారం వాన పడి, బయటికి వెళ్ళే వీల్లేక, రీల్స్ కూడా బోర్ కొడితే 'ది బ్లడ్ డోనర్' వెతికి చూడండి. పాతికేళ్ళో, యాభై ఏళ్ళో కాదు, అరవై ఏళ్ళు దాటిన కామెడీ. బ్లాక్ అండ్ వైట్. అయినా ఆ వేలాడే ముఖం చూడగానే మీకు తెలిసిన ఎవరో ఒకరు గుర్తొస్తారు. ఒక్కోసారి అద్దంలో కనిపించేవాళ్ళు కూడా గుర్తు రావచ్చు!